మూడు స్తంభాల వంతెన ఎవరు కట్టారు

టెండరు కాగితాలు తయారుచేయడం నా పని. ముప్ఫయ్యేళ్ళుగా ఇదే పని. గవర్నమెంటు రోడ్డో బడో వంతెనో కట్టించాలనుకుంటే పేపర్లో ప్రకటన వేస్తుంది. కట్టగలమనుకున్న కాంట్రాక్టర్లు నా గదికొస్తారు. ఎవరికి అర్హత ఉందో ఎవరికి లేదో, ఏ కాగితం వెనక ఏది పెట్టాలో, సంతకం ఎక్కడ గీకాలో నేను చెబుతాను. నలభై ఏడో పేజీ మీద సంతకం లేదని ఒక పెద్దమనిషి టెండరు తిప్పికొట్టారు ఒకసారి. ఆ పేజీలో అక్షరం ముక్క లేదు, ఖాళీ కాగితం. అప్పట్నుంచీ ఖాళీ కాగితాల మీద కూడా సంతకాలు పెట్టిస్తున్నాను. అందరూ నన్ను ఫైలుగారు అంటారు. అందులో గౌరవమెంతో ఎగతాళి ఎంతో నేనెప్పుడూ తూచి చూడలేదు.

నా చేతిమీదుగా కొన్ని వందల ఫైళ్ళు వెళ్ళాయి. గెలిచినవి గుర్తులేవు, ఓడినవాటిలో చాలా మర్చిపోయాను. ఒక్క ఫైలు మాత్రం గొంతులో అడ్డం పడి ఇప్పటికీ దిగలేదు. అది చిన్న మేస్త్రిది.

చిన్న అన్నానని కుర్రాడనుకోకండి. నేను చెప్పే కేసు నడిచేనాటికి ఆయనకి అరవై నిండాయి. అన్న పెద్ద మేస్త్రి కాబట్టి తమ్ముడు చిన్న మేస్త్రి. అన్న పోయాక కూడా ఆ ‘చిన్న’ని ఎవరూ తీసెయ్యలేదు. ఆయనా తీసెయ్యమనలేదు.

వాళ్ళ నాన్న పోయేనాటికి తమ్ముడికి ఆరేళ్ళు, అన్నకి పదహారు. అన్న ఇటుకలు మోసి తమ్ముణ్ణి సాకాడు. తరవాత తాపీ పట్టాడు, ఆ తరవాత లైసెన్సు తీసుకుని కాంట్రాక్టరయ్యాడు. లైసెన్సు అన్న పేరున, సంస్థ అన్న పేరున, సంతకం అన్నది. మొదట్లో పని ఇద్దరిదీ. రానురాను పెద్దాయన ఆఫీసుల చుట్టూ తిరగడంలో పడిపోయి, పని పూర్తిగా చిన్నాయన చేతికొచ్చింది. ఆ చెయ్యి గురించి ఒక్క మాట చెప్పాలి. స్తంభం మీద చిన్న కర్రతో కొట్టి, చెవి ఆనించి విని, లోపల ఎక్కడ గుల్ల ఉందో చెప్పేవాడు. ఇంజనీర్లు నమ్మక యంత్రం తెప్పించి చూసేవాళ్ళు. ఆయన సున్నంతో గీసిన గుండ్రంలోనే గుల్ల ఉండేది. మొత్తం ఏడు వంతెనలు కట్టారు అన్నదమ్ములు.

ఏడింటిలో ఒక్కదాని కాగితాల మీద కూడా చిన్న మేస్త్రి సంతకం లేదు. పని ఎంతవరకూ అయిందో ఇంజనీరు కొలిచి రాసే కొలతల పుస్తకం ఒకటి ఉంటుంది. అందులో కాంట్రాక్టరు కూడా సంతకం పెట్టాలి. అన్న సంతకం పెడుతుంటే గాలికి కాగితం లేవకుండా తమ్ముడు అంచు పట్టుకునేవాడు. “మీరూ ఒక మూల పెట్టండయ్యా, ఎప్పటికైనా పనికొస్తుంది” అని నేనే చాలాసార్లు చెప్పాను. “అన్నయ్య ఉండగా నా సంతకమేంటండీ” అని నవ్వేసేవాడు. వినయం మంచిదే. కాగితానికి వినయం తెలీదు, అదే చిక్కు.

చిన్న మేస్త్రి పెళ్ళి చేసుకోలేదు. అన్నావదినల ఇంట్లో వెనకగదిలోనే ఉండేవాడు. అన్నావదినలకి పిల్లల్లేరు. ముగ్గురూ ముగ్గురే.

ఏడో వంతెన మొదలుపెట్టబోతుండగా పెద్ద మేస్త్రికి పక్షవాతం వచ్చింది. కుడిపక్క పడిపోయింది. మాట తడబడేది కాని ఆగలేదు. కాలవ మీద మూడు స్తంభాల వంతెన, అన్నిటికన్నా పెద్దది, పద్నాలుగు నెలల పని. ఆ పద్నాలుగు నెలలూ పెద్దాయన మంచం దిగలేదు. ఇంజనీరు మంచివాడు గనక సంతకం కోసం కొలతల పుస్తకం ఇంటికి తీసుకెళ్ళనిచ్చాడు. పెద్దాయన ఎడమచేత్తో పెట్టేవాడు.

ఆ రోజుల్లో ఏవో కాగితాల పనిమీద వాళ్ళింటికి వెళ్ళి నేను కళ్ళారా చూసింది చెబుతాను. సాయంత్రం పని నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుని, తమ్ముడు మంచం పక్కన ముక్కాలిపీట వేసుకుని కూర్చునేవాడు.

“రేపు రెండో స్తంభానికి ఊచలు కట్టించాలి కదన్నయ్యా?”

పెద్దాయన కాసేపు కప్పుకేసి చూసి, “రేపు... రెండో స్తంభానికి ఊచలు కట్టించు” అనేవాడు.

“సరే అన్నయ్యా. మొదటిదానికి ఇంకో వారం నీళ్ళు పట్టించమంటావా?”

“ఇంకో వారం పట్టించు. తడి ఆరనివ్వకు.”

“సరే అన్నయ్యా.”

వంటగది గుమ్మంలో నిలబడి వదినగారు వినేది. మంచంలో పడి కూడా ఈయన వంతెన కట్టిస్తున్నాడని ఆమె మొహం వెలిగిపోయేది. వీధిలో అందరికీ అదే చెప్పుకునేది. చిన్న మేస్త్రి చెవిన పడ్డా “అవునవును, అన్నయ్య చెప్పబట్టే” అనేవాడు.

పని పూర్తయిన రోజున పెద్దాయన్ని కుర్చీలో మోసుకెళ్ళి వంతెన మధ్యలో కూర్చోబెట్టారు. ఆ ఫొటో వాళ్ళ ముందుగదిలో ఉంది. కుర్చీలో పెద్దాయన, పక్కన ఇంజనీరు. కుర్చీ వెనక రెండు చేతులు కనిపిస్తాయి, ఒరిగిపోకుండా పట్టుకుని. అవి చిన్న మేస్త్రి చేతులు. మొహం ఫొటోలో పడలేదు. వంతెన మొదట్లో పాతిన రాయి మీద కాంట్రాక్టరుగా పెద్దాయన పేరు చెక్కారు. మూడేళ్ళ తరవాత ఆయన పోయాడు. ఆనాటినుంచీ వదినగారు పొద్దున్నే ఆ వంతెన దాకా నడిచి వెళ్ళి, రాయి మీద దుమ్ము కొంగుతో తుడిచి వచ్చేది.

అన్న పోయిన ఏడాదికి అదే కాలవ మీద, కొంచెం దిగువన, మరో వంతెనకి టెండరు పిలిచారు. చిన్న మేస్త్రి నా గదికొచ్చి గుమ్మంలోనే నిలబడ్డాడు.

“కూర్చోండి, గుమ్మానికి కాంక్రీటు ఏమన్నా వేస్తారా?” అన్నాను.

కూర్చున్నాడు. చాలాసేపు అరచేతులు చూసుకున్నాడు.

“ఇన్ని కట్టాం కదండీ. ఒక్కదాని మీద నా పేరుంటే చూసుకోవాలనుంది. చెప్పుకోడానికే సిగ్గుగా ఉందనుకోండి.”

నేనెరిగిన ఇన్నేళ్ళలో ఆ మనిషి తనకోసం ఒకటి కావాలని అడగడం అదే మొదలు. నాకు కళ్ళు చెమర్చాయి. ఫైలు నేనే దగ్గరుండి కుట్టాను.

టెండరులో ఒక షరతు ఉంది. గత ఏడేళ్ళలో ఇంతటి వంతెన ఒకటైనా సొంతంగా కట్టి ఉండాలి. మూడు స్తంభాల వంతెన ఒక్కటే ఆ లెక్కకి సరిపోతుంది. అది అన్న సంస్థ పేరున ఉంది. సంస్థని తమ్ముడికి బదలాయించి, అభ్యంతరం లేదని వదినగారి చేత ఒక ఉత్తరం రాయిస్తే సరిపోతుందనుకున్నాను. ఉత్తరం నేనే రాశాను. మామూలుగా రెండు ముక్కల్లో తేల్చేయాల్సింది. ఆ ఇల్లాలి సంతోషం కోసం నా పాండిత్యం కొంత ఒలకబోశాను. “నా భర్త స్వయంగా దగ్గరుండి కట్టించిన మూడు స్తంభాల వంతెన” అని రాశాను. ఆమె ఆ వాక్యం రెండుసార్లు చదువుకుని, కళ్ళు తుడుచుకుని సంతకం పెట్టింది. నాకు నేనే భుజం తట్టుకున్నాను. ఆ చెయ్యి విరిగిపోయినా బాగుండేది.

చిన్న మేస్త్రిదే అందరికన్నా తక్కువ రేటు. ఆఫీసు అర్హత ఉందని ఒప్పుకుంది. రెండో స్థానంలో ఉన్న కంపెనీ వారం తిరక్కుండా కోర్టుకెక్కింది. పని ఆగిపోయింది. వాళ్ళ వాదన ఒక్కటే. ఆ వంతెన కట్టినవాడు చనిపోయాడు. అనుభవం ఇల్లూ పొలమూ కాదు, తమ్ముడికి వారసత్వంగా రావడానికి. ఈ మనిషి వంతెన కట్టాడనడానికి ఒక్క కాగితం చూపించమనండి, అన్నారు.

మా వకీలమ్మ బక్కపల్చటి మనిషి, ఎప్పుడూ జలుబుతో ఉండేది. ఫైలంతా చదివి ముక్కు తుడుచుకుంది.

“నిజంగా కట్టిందెవరు?”

“ఈయనే” అన్నాను నేను. చిన్న మేస్త్రి నేలకేసి చూస్తున్నాడు.

“అయితే అదే చెబుదాం. అన్నగారు మంచంలో ఉన్నారు, పనంతా చేసింది తమ్ముడే అని తేలితే అనుభవం ఈయనదే అవుతుంది. రిటైరైన ఇంజనీరు గారు రాసిస్తానన్నారు. కాని వదినగారి ఉత్తరం అడ్డుపడుతోంది. స్వయంగా దగ్గరుండి అని ఏ మహానుభావుడు రాశాడో కాని.”

మహానుభావుణ్ణి నేనే అని చెప్పాల్సివచ్చింది. ఆమె నన్నేమీ అనలేదు. అని ఉంటే కొంచెం తేలికపడేవాణ్ణి.

“ఆమె చేత ప్రమాణపత్రం కావాలి. ఆ పద్నాలుగు నెలలూ మా ఆయన మంచం దిగలేదు, వంతెన కట్టింది మా మరిది అని. ఆ రెండు వాక్యాలుంటే చాలు” అంది వకీలమ్మ.

కాగితం తయారుచేసుకుని చిన్న మేస్త్రితో కలిసి వాళ్ళింటికి వెళ్ళాను. వదినగారు ముందుగదిలో బట్టలు మడతపెడుతోంది. సరిగ్గా ఆ ఫొటో కిందే కూర్చున్నాం. ఆయన గొంతు సవరించుకున్నాడు. “పంపు కారుతున్నట్టుందే వదినా” అన్నాడు.

“నెల్నుంచీ కారుతోంది. నీకు ఊరి వంతెనలే కాని ఇంట్లో పంపు కనపడదుగా.”

లేచి వెళ్ళి పంపు విప్పి, వాషరు మార్చి, బిగించి వచ్చాడు. వచ్చి చేతులు తుడుచుకుని, “వెళ్దాం పదండి” అన్నాడు. వీధిలోకి వచ్చాక నిలదీశాను.

“ఆ ఫొటో కింద కూర్చుని ఎలా అడగనండీ?” అన్నాడు.

ఆయన అడగలేకపోతే నేనడుగుతానని, మర్నాడు ఆయన లేనప్పుడు ఒక్కణ్ణే వెళ్ళాను. ఆమె కాగితం తీసుకుని చదివింది. మొహం పాలిపోయింది.

“మా ఆయన ఊరికే మంచంలో పడున్నాడని నన్ను రాసిమ్మంటారా?”

“ఊరికే అని కాదమ్మా...”

“రోజూ సాయంత్రం ఆయన చెప్పేవాడు, మరిది చేసేవాడు. నా చెవులతో విన్నాను. మీరూ విన్నారుగా. వంతెన ఆయనదే. మరిదికి పని రావాలని నాకు మాత్రం లేదా? దానికోసం ఆయన్ని లేకుండా చేయమంటే ఎలా బాబూ?”

ఆమె అబద్ధం చెప్పడం లేదు. నమ్మినదే చెబుతోంది. కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాను. నేను వెళ్ళిన సంగతి గాని ఆమె కాదన్న సంగతి గాని చిన్న మేస్త్రికి చెప్పలేదు. చెప్పి ఉండాల్సిందా అని ఇప్పటికీ అనుకుంటూ ఉంటాను.

వాదనల రోజున వదినగారు కూడా వచ్చింది. “మరిది కేసుకి నేను రాకపోతే ఎలా” అని మంచినీళ్ళ సీసా పట్టుకుని వెనక బల్ల మీద కూర్చుంది. కోర్టు గదిలో ఫ్యాను చప్పుడు తప్ప ఏమీ సరిగ్గా వినపడదు. మా వకీలమ్మ తుమ్ముల మధ్య బాగానే వాదించింది. ఇంజనీరు రాసిచ్చిన కాగితం చదివింది. అప్పుడు కంపెనీ తరఫు వకీలు లేచి, నేను రాసిన వాక్యం నాకే తిప్పికొట్టాడు. ‘నా భర్త స్వయంగా దగ్గరుండి కట్టించిన’ అని, ఒక్కో మాటా నొక్కి చదివాడు. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు నాకు.

జడ్జిగారు కళ్ళజోడు తీసి కాగితాల మీద పెట్టారు. జడ్జి మనిషిని లేపి నేరుగా అడగడం మామూలుగా జరగదు. ఆ పూట ఆయనకి ఎందుకో అడగాలనిపించింది.

“ఆయన ఇక్కడే ఉన్నారా? లేవండి. మీరు చెప్పండి. ఆ వంతెన ఎవరు కట్టారు?”

చిన్న మేస్త్రి లేచాడు. ముందున్న బల్ల అంచుని రెండు చేతులతో పట్టుకున్నాడు. వకీలమ్మ ఆయనకేసి చూస్తోంది, చెప్పు చెప్పు అన్నట్టు. నేను గుడ్లప్పగించి చూస్తున్నాను. ఆయన తల తిప్పి ఒక్కసారి వెనక బల్లకేసి చూశాడు. మళ్ళీ ముందుకి తిరిగాడు.

“మా అన్నయ్య కట్టాడండి.”

“మీరేం చేశారు?”

“ఆయన చెప్పింది చేశానండి.”

తీర్పు రెండు పేజీలు. ఈ టెండరుదారుకి సొంత అనుభవం లేదని ఆయన నోటి మాటతోనే తేలిపోయింది గనక అర్హత చెల్లదని రాశారు. పని కంపెనీకి వెళ్ళింది.

బయట మెట్ల మీద నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. “నేను అని ఒక్క మాట అంటే చాలు కదయ్యా. ఒక్క మాట. ఆ మాత్రం నోరు పెగల్లేదా?” అని అరిచాను. వదినగారు అప్పటికి కింద గేటు దగ్గరుంది.

“అనబోయానండి” అన్నాడాయన నెమ్మదిగా. “వదిన కనపడింది. నాదంటే ఆమెకింక మిగిలేదేముందండీ?”

ముగ్గురం బస్సులో వచ్చాం. ఆమె ఇద్దరికీ నీళ్ళిచ్చింది. ఎవరూ కేసు మాటెత్తలేదు.

కంపెనీ పని మొదలుపెట్టింది. కంపెనీకి యంత్రాలున్నాయి, అర్హతలున్నాయి, వంతెన తెలిసిన మనిషే లేడు. మొదటి స్తంభం లేస్తుండగానే వాళ్ళ సూపర్‌వైజరు చిన్న మేస్త్రిని వెతుక్కుంటూ వచ్చాడు, రోజుకూలీకి. నాకు తెలిసి పరుగున వెళ్ళి వద్దన్నాను. సిగ్గూ ఎగ్గూ లేదా అని కూడా అన్నాను.

“స్తంభం ఒరుగుతోందండి. చూస్తూ ఎలా ఊరుకోను?” అని తట్టా తాపీ సర్దుకున్నాడు.

పాత వంతెన మీద నిలబడితే కొత్తది కడుతున్న చోటు బాగా కనిపిస్తుంది. వదినగారు పొద్దున్నే రాయి తుడవడానికి వెళ్ళి, పిట్టగోడ పట్టుకుని చూడ్డం మొదలుపెట్టింది. మొదట కాసేపు, తరవాత గంటలకొద్దీ. పెళ్ళయి వచ్చిన నాటినుంచీ మరిదికి అన్నం పెట్టిందే కాని ఆయన పనిచేస్తుండగా ఆమె ఎప్పుడూ చూసి ఎరగదు. ఎనిమిది నెలలకి ఒకరోజు నా గదికొచ్చింది.

“అక్కడ మరిదికి చెప్పేవాళ్ళెవరూ లేరు బాబూ” అంది కూర్చోకుండానే. “ఎవర్నీ అడగడం లేదు. కర్రతో కొట్టి చెవి పెట్టి వింటాడు. చెయ్యెత్తితే ఆపుతారు, దించితే పోస్తారు. సాయంత్రాలు మా ఆయన చెప్పేవాడనుకున్నాను. కాదు. మరిది అన్నదే ఆయన మళ్ళీ అనేవాడు. ఇన్నాళ్ళూ నాకు తెలీనేలేదు.”

నేను కుర్చీ జరిపాను. కూర్చోలేదు.

“ఆ కాగితం మీ దగ్గరుందా? ఇప్పుడు సంతకం పెడితే పనికొస్తుందా?”

“గడువు దాటిపోయిందమ్మా.”

తల ఊపింది. “నేను వచ్చినట్టు మరిదికి చెప్పకండి. ఆయన సిగ్గుపడతాడు” అని వెళ్ళిపోయింది. అలా ఇద్దరి రహస్యాలూ నా దగ్గరే ఉండిపోయాయి. అంత బరువు ఏ ఫైలూ మోయించలేదు నా చేత.

చివరి స్లాబు ఇంకా మిగిలి ఉండగా చిన్న మేస్త్రికి దగ్గు ముదిరింది. నలభయ్యైదేళ్ళ సిమెంటు దుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుపోయిందన్నారు. ఆస్పత్రిలో చేర్చాం. నేను చూడబోయిన సాయంత్రం వదినగారు మంచం పక్కన ముక్కాలిపీట మీద కూర్చుని ఉంది. వంతెన దగ్గర్నుంచి తిన్నగా వచ్చినట్టుంది, పాదాలకి కాలవ మట్టి ఉంది.

“రేపు మూడో స్లాబు వేస్తారట. వెయ్యమంటావా?” అంది.

ఆయన ఆమెకేసి చాలాసేపు చూశాడు.

“వెయ్యమను” అన్నాడు.

“రెండోదానికి ఇంకా నీళ్ళు పట్టించాలా?”

“పట్టించాలి వదినా. తడి ఆరనివ్వద్దను.”

“సరే. నువ్వు చెప్పావని చెబుతాను.”

నేను వరండాలోకి వచ్చి గోడకి ఆనుకుని ఏడ్చాను. ఆయన మూడో స్లాబు ఆరకముందే పోయాడు.

చావు నమోదు చేయించడానికి వదినగారితో నేనే వెళ్ళాను. కాగితాలు నా పని కదా. గుమాస్తా ఒక్కో గడీ నింపుకుంటూ వృత్తి దగ్గర ఆగి, కంపెనీ ఇచ్చిన చీటీ చూశాడు.

“కూలీ అని రాస్తున్నానమ్మా.”

“కాదు” అంది ఆమె. “ఎనిమిది వంతెనలు కట్టాడు. మూడు స్తంభాలది కూడా ఆయనే కట్టాడు. అప్పుడు మా ఆయన మంచంలో ఉన్నాడు, అడుగు బయట పెట్టలేదు. అది మా ఆయన కట్టలేదు. మా మరిది కట్టాడు. రాయండి.”

గది నిండా జనం. అందరూ తల తిప్పి చూశారు. ఆమె గొంతు తగ్గించలేదు.

గుమాస్తా ఇబ్బందిగా కాగితం ఆమె వైపు తిప్పి చూపించాడు. “అంత రాయడానికి ఇందులో చోటు లేదమ్మా.”

“ఎంత పడితే అంత రాయండి” అంది.

అతను ‘మేస్త్రి’ అని రాశాడు. కింద ఆమె సంతకం పెట్టింది.